ఇక్కడ దాచుకున్న డబ్బు ఇక్కడి పనికి అప్పుగా అందాలి: ఉమ్మడి వరంగల్ బ్యాంకు అధికారులకు బహిరంగ లేఖ

ఉమ్మడి వరంగల్‌లోని ఆరు జిల్లాల లీడ్ బ్యాంకు మేనేజర్లకు, జిల్లా బ్యాంకర్ల సంప్రదింపుల కమిటీలకు అధ్యక్షులైన కలెక్టర్లకు, రాష్ట్ర స్థాయి బ్యాంకర్ల కమిటీ బాధ్యులకు

నమస్కారం.

నేను ఎనుమాముల మార్కెట్‌లో అడ్తి (రైతుల సరుకు కమీషన్ మీద అమ్మిపెట్టే) దుకాణాల్లో చాలా ఏళ్లు గుమాస్తాగా లెక్కలు రాశాను. ఇప్పుడు వరంగల్‌లో చిన్న దుకాణదారులకు, మగ్గం పనివాళ్లకు, కౌలు రైతులకు లోన్ కాగితాలు తయారుచేసి పెడుతున్నాను. మిత్తికి ఇచ్చేవాళ్ల పద్దులు అప్పుడు చూశాను, బ్యాంకులు తిప్పి పంపే ఫైళ్లు ఇప్పుడు చూస్తున్నాను.

పోయిన వానాకాలానికి ముందు మేం కొంతమందిమి కలిసి ఒక వినతిపత్రం ఇచ్చాం. భూమి పట్టా లేకుండా సాగు చేసేవాళ్లకు విత్తనాలు వేసే లోపే పంట రుణం అందేలా చూడమని, చిన్న యూనిట్లకు నిబంధనల ప్రకారం తాకట్టు లేకుండా అప్పివ్వమని అడిగాం. కలెక్టరేట్‌లో అర్జీలు తీసుకునే ప్రజావాణిలో రసీదు ఇచ్చారు. అర్జీని సంబంధిత బ్యాంకుకు పంపామని ఫోన్‌కు మెసేజ్ వచ్చింది. ఆ బ్యాంకు శాఖకు వెళ్తే రీజనల్ ఆఫీసును అడగమన్నారు. రీజనల్ ఆఫీసువాళ్లు అది శాఖ మేనేజర్ విచక్షణ అన్నారు. రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు (బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే అధికారికి) రాద్దామంటే, 2021 నవంబరులో వచ్చిన సమీకృత అంబుడ్స్‌మన్ పథకంలో బ్యాంకుల వాణిజ్య నిర్ణయాల మీద ఫిర్యాదులు తీసుకోరు. మా అర్జీ ‘పరిష్కారమైంది’ అని చివరికి ఇంకో మెసేజ్ వచ్చింది. ఏం పరిష్కారమైందో ఎవరూ చెప్పలేదు. అందుకే ఇప్పుడు అందరూ చదివేలా రాస్తున్నాను.

మేం అడిగేది దయ కాదు. బ్యాంకుల తీరుకూ ఒక ప్రాంతం ఎదుగుదలకూ ఉన్న సంబంధం గురించి అడుగుతున్నాం. ఇది పాత చర్చే. కొత్త పని తలపెట్టినవాడికి డబ్బు అందించే బ్యాంకరు ఉంటేనే అభివృద్ధి అని 1911లో షుంపీటర్ అనే ఆర్థికవేత్త రాశాడు. వ్యాపారం ముందు నడుస్తుంది, డబ్బు దాని వెనక వస్తుందని 1952లో జోన్ రాబిన్సన్ అనే ఇంకో ఆర్థికవేత్త అన్నది. 1993లో రాబర్ట్ కింగ్, రాస్ లెవిన్ అనే ఇద్దరు 80 దేశాల మూడు దశాబ్దాల లెక్కలు తిరగేశారు. బ్యాంకింగ్ వ్యవస్థ ముందే బలంగా ఉన్న దేశాలు ఆ తర్వాతి ఏళ్లలో వేగంగా ఎదిగాయని వాళ్లు చూపించారు.

అంత దూరం పోనక్కర లేదు, మన దేశంలోనే చూడండి. 1969 జూలై 19న 14 బ్యాంకులను జాతీయం చేశారు. ఆ డిసెంబరులోనే మీరు ఈ రోజు నడిపిస్తున్న లీడ్ బ్యాంకు పథకం (ఒక్కో జిల్లాలో ఒక బ్యాంకు ముందుండి మిగతా బ్యాంకులను కలుపుకుని నడిపించే ఏర్పాటు) మొదలైంది. 1977 నుంచి 1990 దాకా ఒక నిబంధన ఉండేది: బ్యాంకున్న ఊళ్లో కొత్తగా ఒక శాఖ తెరవాలంటే, బ్యాంకు లేని ఊళ్లలో నాలుగు తెరవాలి. దాని ఫలితాలను రాబిన్ బర్జెస్, రోహిణి పాండే లెక్కగట్టి 2005లో ప్రచురించారు. శాఖలు వెళ్లిన చోట గ్రామాల్లో పేదరికం తగ్గింది, వ్యవసాయం కాని పనుల ఉత్పత్తి పెరిగింది. ఆ రోజుల్లో మొండి బాకీలు పెరిగిన మాట కూడా నిజమే. అయినా బ్యాంకు పల్లెకు వెళితే పల్లె బాగుపడిందన్న ఫలితం మాత్రం నిలబడే ఉంది.

అప్పు ఎంత పెరిగితే అంత మంచిదని నేననడం లేదు. 2008 సంక్షోభం తర్వాత వచ్చిన పరిశోధనలు, ప్రైవేటు అప్పులు దేశ జీడీపీ అంత అయ్యేసరికి ఎదుగుదలను వెనక్కి లాగడం మొదలుపెడతాయని చెప్పాయి. మన దేశంలో బ్యాంకులు ప్రైవేటు రంగానికి ఇచ్చిన అప్పు జీడీపీలో సగం చుట్టుపక్కలే ఉంది కాబట్టి మన ఇబ్బంది అప్పు ఎక్కువ కావడం కాదు. అది ఎవరికి పోతోంది, దేనికి పోతోంది, ఏ నెలలో పోతోంది అన్నదే మన ఇబ్బంది. తాకట్టు లేని వినియోగ రుణాలు మరీ వేగంగా పెరుగుతున్నాయని 2023 నవంబరులో రిజర్వు బ్యాంకే వాటి మీద రిస్క్ వెయిట్ (ఆ అప్పులకు బ్యాంకు ఎంత సొంత పెట్టుబడి పక్కన పెట్టాలో తేల్చే లెక్క) పెంచాల్సి వచ్చింది. ఫోన్ కొనడానికి ఐదు నిమిషాల్లో లోన్ వచ్చే ఊళ్లో మిరప నారు కొనడానికి లోన్ రాదు. వరంగల్‌లో మేం రోజూ చూస్తున్నది ఇదే.

తప్పుడు అప్పు ఏం చేస్తుందో ఈ జిల్లాకు ఎవరూ చెప్పాల్సిన పని లేదు. 1997-98లో పురుగు పత్తిని తినేసినప్పుడు, ఎరువుల దుకాణాల ఉద్దెర, ప్రైవేటు మిత్తి కలిసి ఎందరి ప్రాణాలు తీశాయో ఇక్కడ ప్రతి మండలానికీ గుర్తుంది. 2010లో మైక్రోఫైనాన్స్ వసూళ్లకు భయపడి మహిళలు చనిపోయిన జిల్లాల్లో వరంగల్ కూడా ఉంది. బ్యాంకు అడుగు వెనక్కి వేసిన చోట ఖాళీ మిగలదు, ఆ చోటుకు మరొకరు వస్తారు.

ఇక మామూలు జనం మీద దీని ప్రభావం ఒక్కొక్కటిగా చెబుతాను.

1. భూమి దున్నేవాడికి అప్పు రాదు, దున్నని వాడికి వస్తుంది. తెలంగాణలో సాగు చేసేవాళ్లలో మూడో వంతుకు పైగా కౌలుదారులని 2022లో రైతు స్వరాజ్య వేదిక చేసిన సర్వే తేల్చింది. పర్వతగిరి, నర్సంపేట, గీసుగొండ వైపు ఊళ్లలో తిరిగితే ఆ లెక్క మీద నాకు ఏ అనుమానమూ రాలేదు. పాత పహాణీలో (భూమి రికార్డులో) పట్టాదారు పక్కన అనుభవదారు (సాగులో ఉన్నవాడి) కాలమ్ ఉండేది. 2020లో భూ రికార్డుల ధరణి పోర్టల్ వచ్చాక అది పోయింది. దాంతో కౌలుదారుకు తాను సాగు చేస్తున్నానని చూపించుకునే కాగితమే లేకుండా పోయింది.

అయితే బ్యాంకులకు కాగితం లేదన్న సాకు చెల్లదు. కిసాన్ క్రెడిట్ కార్డు మార్గదర్శకాల్లో కౌలుదారులు, నోటి మాట మీద కౌలు చేసేవాళ్లు, పాలికి చేసేవాళ్లు అర్హులని స్పష్టంగా రాసి ఉంది. నలుగురి నుంచి పది మంది దాకా కలిసి జాయింట్ లయబిలిటీ గ్రూపు పెట్టుకుంటే, ఒకరికొకరు హామీగా అప్పివ్వొచ్చని నాబార్డు (జాతీయ వ్యవసాయ, గ్రామీణాభివృద్ధి బ్యాంకు) చెబుతోంది. 2025 జనవరి 1 నుంచి 2 లక్షల రూపాయల దాకా వ్యవసాయ రుణానికి తాకట్టు అడగకూడదు. కౌలుదారులకు రుణ అర్హత కార్డులిచ్చే చట్టం 2011 నుంచీ ఉంది. నియమాలకు కొదవ లేదు, అమలే లేదు.

ఒక లెక్క చూడండి. కౌలు రైతు జూన్‌లో లక్ష రూపాయలు తెచ్చి ఫిబ్రవరిలో తీర్చాడనుకుందాం. ఎనిమిది నెలలు. ప్రైవేటులో నూటికి రెండు రూపాయల మిత్తి అంటే 16,000. నూటికి మూడైతే 24,000. అదే బ్యాంకు పంట రుణమైతే 7 శాతం లెక్కన 4,667. గడువులోగా కడితే రాయితీ పోను 4 శాతమే, అంటే 2,667. నూటికి రెండు చొప్పున తెచ్చినా లక్షకు 13 వేల పైచిలుకు తేడా. ఆ తేడా చేతిలో మిగిలితే దానితో పిల్లల ఫీజు కట్టేవాడు, ఒక బర్రెకు బయానా ఇచ్చేవాడు, ఊళ్లో కిరాణా కొట్టు బాకీ తీర్చేవాడు. ఆ డబ్బు ఊళ్లోనే తిరిగేది. ఎదుగుదల అంటే నాకు తెలిసింది ఇదే.

పైగా, కౌలుకిచ్చిన భూమి మీద పట్టాదారు పంట రుణం తీసుకుంటున్నాడు. 2024లో 2 లక్షల మాఫీ వచ్చినప్పుడు అదీ ఆయన ఖాతాలోనే పడింది. సాగు చేసినవాడికి కౌలు మాఫీ కాలేదు, అడ్తి బాకీ మాఫీ కాలేదు.

2. పంట రుణాల లెక్కలో కొత్త డబ్బు ఎంతో తెలియదు. ప్రతి ఏడాదీ వార్షిక రుణ ప్రణాళికలో ఇన్ని కోట్లు ఇచ్చామని చెబుతారు. అందులో చాలా భాగం రెన్యువల్. ఏడాది తిరిగేసరికి రైతు అసలు, వడ్డీ కట్టాలి, కట్టగానే మళ్లీ అంతే మొత్తం ఇస్తారు. కట్టడానికి చేతిలో డబ్బుండదు కాబట్టి రెండు మూడు రోజుల కోసం బయట తెచ్చి కడతాడు. బ్యాంకు నుంచి తిరిగి రాగానే, ఆ రెండు మూడు రోజులకు అడిగినంత మిత్తి కలిపి బయట అప్పిచ్చినవాళ్లకు ఇచ్చేస్తాడు. బ్యాంకు పుస్తకంలో అది కొత్త రుణం. రైతు జేబులో నుంచి మాత్రం డబ్బు బయటికి పోయింది, లోపలికి రాలేదు. వడ్డీ మాత్రమే కట్టించుకుని రెన్యువల్ చేసే చోట్ల ఈ తిప్పలు కొంత తక్కువ, కానీ విత్తనానికి, ఎరువుకు కొత్తగా పైసా రాదన్నది అక్కడా అంతే.

మాఫీల వల్ల తిరిగి కట్టే అలవాటు పోతోందని మేనేజర్లు నాతో అంటుంటారు. ఆ మాటను నేను కొట్టిపారేయను. 2018లో చెప్పిన లక్ష రూపాయల మాఫీ విడతలు విడతలుగా 2023 దాకా సాగింది. మాఫీ వస్తుందని ఎదురుచూసిన రైతుల ఖాతాలు మొండి బాకీల్లో పడ్డాయి, వాళ్లకు కొత్త రుణం ఆగిపోయింది. ఆ నష్టం బ్యాంకుకూ ఉంది, రైతుకూ ఉంది. దానికి కారణమైన ఆలస్యం ఇద్దరిదీ కాదు. కానీ శిక్ష మాత్రం రైతుకే పడింది.

3. అప్పు ఎక్కడ ఉంటే సరుకు అక్కడికే పోతుంది. ఈ విషయం నేను రాసిన కాగితాల్లోనే ఉంది. మిర్చి అమ్మిన రైతుకు అడ్తిలో ఇచ్చే తక్‌పట్టీ చూడండి. పైన బస్తాల సంఖ్య, తూకం, ఖరీదుదారు పాడిన ధర, మొత్తం. కింద కోతలు: కమీషన్, హమాలీ, దడవాయి (తూకం వేసేవాళ్ల కూలి), చాట (చాటతో సరుకు ఎత్తేవాళ్ల కూలి). ఆ తర్వాత ఒక గీత. గీత కింద ‘పాత బాకీ’, దాని కింద ‘మిత్తి’. అవన్నీ పోగా చివర ‘చెల్లింపు’ అని రాస్తాం. ఆ చివరి అంకె చూసి, కాగితం మడిచి చొక్కా జేబులో పెట్టుకుని ఏమీ అనకుండా వెళ్లిపోయిన రైతులను లెక్కలేనంత మందిని చూశాను.

బాకీ ఉన్నవాడు ఇంకో అడ్తికి పోలేడు. రేటు పడిపోయిందని కోల్డ్ స్టోరేజీలో పెట్టి నెల రోజులు ఆగలేడు, ఎందుకంటే మిత్తి ఆగదు. పత్తి రైతుదీ అదే కథ. 2025-26లో పొడవు పింజ పత్తికి మద్దతు ధర క్వింటాకు 8,110 రూపాయలు. సీసీఐ (ప్రభుత్వ పత్తి కొనుగోలు సంస్థ) కేంద్రానికి తీసుకెళ్లి, తేమ చూపించి, డబ్బు ఖాతాలో పడేదాకా ఆగగలిగినవాడికి అది దక్కుతుంది. ఆగలేనివాడు ఇంటి దగ్గరికొచ్చిన వ్యాపారికి వచ్చిన ధరకే ఇచ్చేస్తాడు. అడ్తివాళ్లందరినీ నేను తప్పు పట్టను. బ్యాంకు ఇవ్వని రోజున, అర్ధరాత్రి ఆసుపత్రి ఖర్చుకు డబ్బిచ్చింది వాళ్లే. కానీ అప్పిచ్చేవాడూ సరుకు అమ్మిపెట్టేవాడూ ఒక్కడే అయితే రైతుకు బేరమాడే శక్తి ఉండదు.

గోదాముల్లో పెట్టిన సరుకు మీద రసీదు చూపితే, చిన్న రైతుకు కిసాన్ క్రెడిట్ కార్డు రాయితీ వడ్డీకే ఆరు నెలల దాకా అప్పివ్వొచ్చన్న వెసులుబాటు ఉంది. ఎనుమాములకు సరుకు తెచ్చే రైతుల్లో ఆ మాట విన్నవాళ్లు నాకు అరుదుగా కనిపించారు.

4. మగ్గానికి, చిన్న యూనిట్‌కు తాకట్టు అడుగుతున్నారు. సూక్ష్మ, చిన్న యూనిట్లకు 10 లక్షల దాకా తాకట్టు అడగొద్దని రిజర్వు బ్యాంకు 2010లోనే చెప్పింది. నష్టం వస్తే భరించడానికి 2000 నుంచి క్రెడిట్ గ్యారంటీ ట్రస్టు కూడా ఉంది. అయినా నేను తయారుచేసే ఫైళ్లలో మేనేజర్ నోటి మాటగా అడిగేది ఇంటి కాగితాలే. రాతపూర్వకంగా ఎప్పుడూ అడగరు, అందుకే ఫిర్యాదుకు ఆధారం ఉండదు.

వరంగల్ జంపఖానాలకు 2018లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. కొత్తవాడలో నేసేవాళ్లలో ఎక్కువమంది పెద్ద వయసువాళ్లు. కొడుకులు ఈ పనిలోకి రాలేదు. నూలుకు పెట్టుబడి చేతిలో లేక షావుకారు నూలు తెచ్చుకుని కూలికి నేసే ఇంట్లో, కుర్రాడికి ఆ పని మీద ఆశ ఎలా పుడుతుంది? సూరత్ నుంచి తిరిగొచ్చి మడికొండలో మగ్గాలు పెట్టుకున్నవాళ్లదీ వర్కింగ్ క్యాపిటల్ బాధే.

1934లో మొదలైన ఆజంజాహి మిల్లు మూతపడి రెండు దశాబ్దాలు దాటింది. 2017 అక్టోబరులో శంకుస్థాపన జరిగిన కాకతీయ మెగా టెక్స్‌టైల్ పార్కులోకి పెద్ద కంపెనీలు వచ్చాయి, అది సంతోషమే. కానీ పెద్ద ఫ్యాక్టరీ చుట్టూ బొత్తాలు కుట్టే, అట్టపెట్టెలు చేసే, మిషన్లు బాగుచేసే చిన్న యూనిట్లు పదుల కొద్దీ పుడితేనే ఒక ప్రాంతం ఎదుగుతుంది. వాటికి కావాల్సింది ఐదారు లక్షల అప్పు, అదీ నెల లోపు. ఇప్పుడు అది దొరకడం లేదు. ఇక్కడ పండిన పత్తి గింజ తీసి బేళ్లు కట్టించుకుని బయటి రాష్ట్రాలకు పోతోంది. దాని వెనకే మా పిల్లలు హైదరాబాద్‌కు డెలివరీ పనులకు పోతున్నారు.

5. మహిళా సంఘాలు బాగా కడతాయని మీరే పొగుడుతారు. అయినా సంఘాల సభ్యులే మళ్లీ వారం కిస్తీల కంపెనీల దగ్గరికి పోతున్నారు. సంఘం లోను మంజూరు కావడానికి నెలలు పట్టడం ఒక కారణం. సంఘం పొదుపు ఖాతాను బ్యాంకులు పట్టి ఉంచడం ఇంకో కారణం. 10 లక్షల లోపు సంఘాల రుణాలకు అలా పట్టి ఉంచకూడదని నియమం ఉంది. 2023 ఫిబ్రవరిలో రాష్ట్ర హైకోర్టు, రిజర్వు బ్యాంకు నియంత్రణలోని సంస్థలకు మైక్రోఫైనాన్స్ మీద తెచ్చిన రాష్ట్ర చట్టం వర్తించదని చెప్పాక ఆ కంపెనీలు మళ్లీ జోరుగా తిరుగుతున్నాయి. కుటుంబం కట్టే కిస్తీలన్నీ కలిపి నెల ఆదాయంలో సగం దాటకూడదన్న 2022 నిబంధనను మా బస్తీల్లో ఎవరైనా లెక్కగడుతున్నారా? నాకు తెలిసిన ఇళ్లలో ఎవరూ గట్టలేదు. ఒకే ఇంట్లో మూడు నాలుగు కంపెనీల కిస్తీ కార్డులు చూశాను. ఇక ఆ ఆడవాళ్ల టెన్షన్ సోమవారం మొదలై శనివారం దాకా ఉంటుంది.

6. నిర్ణయం తీసుకునేవాళ్లు దూరమయ్యారు. ఒకప్పుడు కాకతీయ గ్రామీణ బ్యాంకు ఇక్కడే పుట్టింది. 2006లో అది కలిసిన ఆంధ్రప్రదేశ్ గ్రామీణ వికాస్ బ్యాంకుకు కూడా ప్రధాన కార్యాలయం వరంగలే. 2025 జనవరి 1న ఆ బ్యాంకు తెలంగాణ శాఖలన్నీ తెలంగాణ గ్రామీణ బ్యాంకులో కలిశాయి, ప్రధాన కార్యాలయం హైదరాబాద్‌లో ఉంది. 2017లో స్టేట్ బ్యాంక్ ఆఫ్ హైదరాబాద్, 2020లో ఆంధ్రా బ్యాంకు పెద్ద బ్యాంకుల్లో కలిసిపోయాయి. ఈ విలీనాలకు వాటి కారణాలు వాటికి ఉండొచ్చు, వాటిని వెనక్కి తిప్పమని అడగడం లేదు. కానీ మనిషిని చూసి, దుకాణంలో గిరాకీ చూసి, ఊళ్లో పేరు కనుక్కుని అప్పిచ్చే మేనేజర్ చేతిలో ఇప్పుడు ఆ అధికారం లేదు. ఫైలు పైకి పోతుంది, అక్కడ సిబిల్ స్కోరు (పాత అప్పులు ఎలా కట్టారో చూసి ఇచ్చే మార్కు) చూస్తారు. ఎప్పుడూ బ్యాంకు అప్పు తీసుకోని కౌలు రైతుకు స్కోరే ఉండదు. మూడేళ్లకోసారి మారే మేనేజర్లలో కొందరికి తెలుగు రాదు. వాళ్లూ మంచివాళ్లే, కష్టపడేవాళ్లే, కానీ మిరప తోటకు ఆగస్టులో ఎందుకు డబ్బు కావాలో వాళ్లకు అర్థమయ్యేలోపు ఆగస్టు అయిపోతుంది.

7. లెక్కలు మాకు కనబడవు. రాష్ట్రం మొత్తంగా చూస్తే ఇచ్చిన అప్పులు డిపాజిట్లను మించే ఉన్నాయి. అందులో సింహభాగం రాజధాని చుట్టూ ఉన్న పెద్ద సంస్థలది. ఆ సగటు కింద ములుగు, భూపాలపల్లి, మహబూబాబాద్ దాక్కుంటాయి. గ్రామీణ, చిన్న పట్టణ శాఖల్లో అప్పులు డిపాజిట్లలో 60 శాతం ఉండాలన్నది రిజర్వు బ్యాంకు పెట్టిన లక్ష్యం. ఆ అంకె చేరిన చోట కూడా అందులో బంగారం మీద అప్పు ఎంత, పాత పంట రుణం తిరగరాసింది ఎంత, కొత్త పనికి ఇచ్చింది ఎంత అన్నది ఎవరూ చెప్పరు. పుస్తెలతాడు తాకట్టు పెట్టి ఎరువు కొన్నా అది వ్యవసాయ రుణం లెక్కలోనే కలుస్తుంది.

మొత్తం అప్పుల్లో ప్రాధాన్య రంగానికి (వ్యవసాయం, చిన్న పరిశ్రమల లాంటివాటికి) 40 శాతం, వ్యవసాయానికి 18, చిన్న సన్నకారు రైతులకు 10 శాతం అన్న లక్ష్యాలు బ్యాంకు మొత్తానికి పెట్టినవి, ఊరికి పెట్టినవి కావు. పైగా 2016 నుంచి, లక్ష్యం చేరని బ్యాంకుకు, లక్ష్యం మించి ఇచ్చిన బ్యాంకు దగ్గర సర్టిఫికెట్ కొనుక్కుని తన లోటు పూడ్చుకునే వీలు కూడా ఉంది. కాబట్టి కాగితం మీద లక్ష్యం వందకు వంద చేరినా, ఒక మండలంలో కౌలు రైతుకు ఒక్క రూపాయి కూడా అందకపోవచ్చు. మీ సమావేశాల్లో వినిపించే శాతాలకూ మార్కెట్ యార్డులో మేం చూసేదానికీ పొంతన లేకపోవడానికి ఇదే కారణం.

ఈ పరిస్థితుల్లో మా డిమాండ్లు ఇవి.

ఒకటి. ప్రతి మండలంలో వచ్చే వానాకాలానికి ముందు, మే 31లోగా కౌలు రైతులతో జాయింట్ లయబిలిటీ గ్రూపులు ఏర్పాటు చేసి రుణాలివ్వాలి. 2011 చట్టం కింద రుణ అర్హత కార్డుల దరఖాస్తులు గ్రామ స్థాయిలో తీసుకునేలా కలెక్టర్లు ఆదేశాలివ్వాలి. పట్టాదారు హక్కుకు ఆ కార్డు వల్ల ఏ ఇబ్బందీ ఉండదని రెవెన్యూ అధికారులే ఊళ్లలో చెప్పాలి. పట్టాదారు భయపడితే ఏ కార్డూ పనికి రాదు.

రెండు. పంట రుణాల ప్రకటనలో కొత్తగా ఇచ్చినదీ రెన్యువల్ చేసినదీ వేర్వేరుగా చూపాలి. రెన్యువల్ కోసం రైతు బయట అప్పు తెచ్చే పరిస్థితి రాకుండా వడ్డీ మాత్రమే కట్టించుకునే పద్ధతి అన్ని శాఖల్లో పాటించాలి.

మూడు. 10 లక్షల లోపు చిన్న యూనిట్ల దరఖాస్తును తిరస్కరిస్తే కారణం రాతపూర్వకంగా ఇవ్వాలి. నోటి మాటతో తిప్పి పంపడం ఆపాలి. మా డిమాండ్లలో అన్నిటికన్నా తేలికగా అమలయ్యేది, అన్నిటికన్నా ఎక్కువ మార్పు తెచ్చేది ఇదేనని నా అభిప్రాయం. కారణం రాయాల్సి వస్తే చాలా ఫైళ్లు వాటంతటవే కదులుతాయి.

నాలుగు. ఎనుమాముల, కేసముద్రం, జనగామ మార్కెట్ యార్డుల్లో సీజన్‌లో బ్యాంకు కౌంటర్లు పెట్టి, గోదాము రసీదుల మీద అక్కడికక్కడే అప్పులివ్వాలి.

ఐదు. మహిళా సంఘాల పొదుపు ఖాతాలు పట్టి ఉంచిన శాఖలు వాటిని వెంటనే వదలాలి. మైక్రోఫైనాన్స్ సంస్థలు 50 శాతం నిబంధన పాటిస్తున్నాయా అన్నది జిల్లా సమావేశాల అజెండాలో చేర్చాలి.

ఆరు. శాఖ మేనేజర్లకు చిన్న రుణాల మంజూరు అధికారం తిరిగి ఇవ్వాలని రాష్ట్ర కమిటీ బ్యాంకుల యాజమాన్యాలను కోరాలి. గ్రామీణ శాఖల్లో కనీసం ఒక ఫీల్డు ఆఫీసరు తెలుగు తెలిసినవారై ఉండాలి.

ఏడు. మూడు నెలలకోసారి ప్రతి మండలానికీ డిపాజిట్లు, అప్పులు, అందులో బంగారం రుణాలు, కొత్త పంట రుణాలు, కౌలు రైతుల రుణాలు, చిన్న యూనిట్ల రుణాలు విడివిడిగా తెలుగులో మండల ఆఫీసు నోటీసు బోర్డు మీద పెట్టాలి. జిల్లా సంప్రదింపుల కమిటీ తర్వాతి సమావేశానికి కౌలు రైతులు, చేనేత సంఘాలు, మహిళా సమాఖ్యల నుంచి ఇద్దరిద్దరిని పిలవాలి. కాగితాలతో సహా రావడానికి మేం సిద్ధం.

ఎనిమిది. పోయిన ఏడాది మేం ఇచ్చిన వినతిపత్రానికి, ఏ అంశం మీద ఏం నిర్ణయం తీసుకున్నారో చెబుతూ రాతపూర్వక జవాబివ్వాలి. కుదరదంటే కుదరదనే రాయండి, ఎందుకు కుదరదో కూడా రాయండి. విత్తనాల కొనుగోలు మొదలయ్యేలోగా ఆ జవాబు అందితే, ఈసారి ఎంత అప్పు తేవాలి, ఎక్కడ తేవాలి అన్నది రైతులు దాన్ని బట్టి తేల్చుకుంటారు.

ఇట్లు,
ఎనుమాముల మార్కెట్ పాత గుమాస్తా,
వరంగల్